గోవా తేదీలు, గుంటూరు మిరప

విశ్వవిద్యాలయ ప్రవేశ పరీక్షకు సిద్ధమగు మన గుంటూరు, ప్రకాశం జిల్లాల విద్యార్థులు పోర్చుగీసువారి చరిత్రను తేదీల పట్టికగా వల్లెవేయుచున్నారు: 1498 వాస్కోడగామా రాక, 1510 గోవా ఆక్రమణ, 1961 గోవా విముక్తి. ఇది చదువనిపించుకొనదు.

ఆ పరదేశులు మలబారు తీరమునకు వచ్చినది ముఖ్యముగా మిరియముల కొరకు. అమెరికా ఖండపు మిరపను మన దేశమునకు చేర్చినవారును వారే. అంతకు ముందు మన వంటలకు కారము ప్రధానముగా మిరియముల వలననే కలిగెడిది. మిరప చేలగట్టున నడచి కళాశాలకు వచ్చు విద్యార్థికి ఈ సంగతి చెప్పువారేరీ?

1515లో కృష్ణదేవరాయలు కొండవీటిని జయించిన వృత్తాంతమును వ్రాసి యుంచినవారిలో న్యూనిజ్ అను పోర్చుగీసు గుర్రపు వర్తకుడొకడు. మన ‘మేస్త్రీ’, ‘ఇస్త్రీ’ పదములు వారి భాషనుండి వచ్చినవే.

అయితే ఈ పరిచయము కృతజ్ఞతగా మారరాదు. తమ అనుమతి పత్రము లేని ఓడలను సముద్రముపై పట్టి కొల్లగొట్టినవారు, 1560లో గోవాలో మతవిచారణ న్యాయస్థానమును నెలకొల్పినవారు కూడ వారే. మిరప కథను, ఈ దౌర్జన్యమును ఒకే పాఠమున చెప్పవలెను.

ఉపాధ్యాయులారా! తేదీ చెప్పుటకు ముందు ‘వారెందుకు వచ్చిరి?’ అని అడుగుడు. కారణము తెలిసిన విద్యార్థికి తేదీ దానంతట అదే గుర్తుండును. తేదీ మాత్రమే తెలిసినవానికి పరీక్ష ముగిసిన మరునాడు ఏమియు మిగులదు.