మదనపల్లె టమాటాతో మినెస్ట్రోనీ

హార్స్‌లీ హిల్స్ చలిలో సాయంత్రం నమాజు ముగించి ఇల్లు చేరినవారికి చిక్కని సూప్ ఎంతో హాయి. ఇటలీవారు మినెస్ట్రోనీ అనే కూరగాయల సూప్‌కు మన మదనపల్లె టమాటా చక్కగా సరిపోతుంది. ధర పడిపోయి రైతు పంటను రోడ్డు పక్కన పారబోసే రోజుల్లో 2 కిలోలు ఎక్కువే కొనండి.

రాత్రంతా నానిన రాజ్మాను నీరు మార్చి, కుక్కరులో మెత్తగా ఉడికించాలి; సరిగా ఉడకకపోతే వాంతులు, విరేచనాలు పట్టుకుంటాయి. ఉల్లి, క్యారెట్, వెల్లుల్లిని సన్నసెగపై ఓపికగా మగ్గించాలి; రుచంతా అక్కడే ఉంది. పిదప టమాటా, బీన్స్, క్యాబేజీ, నీరు. కొంత రాజ్మాను మెదిపి కలిపితే చిక్కబడుతుంది. ఇటలీలో కొందరు ఇందులో పంది మాంసం వేస్తారు. మనకది నిషిద్ధం, రుచికీ దాని అవసరం లేదు. పొరుగింటికి గిన్నెడు పంపదలిస్తే పాస్తాను విడిగా ఉడికించి, వడ్డించేటప్పుడే కలపమనండి. ముందే వేస్తే నాని ముద్దవుతుంది.