బోడికి ఉదయపు బండి కావాలి

తమిళనాడులో తెలుగు పాలెగాళ్లు ఏలిన బోడినాయకనూరుకు (బోడికి) 1928లో రైలొచ్చింది. గేజ్ మార్పిడికని 2010 చివర ఆగిన బండి, మదురై నుంచి 90 కిలోమీటర్ల దారిలో మళ్లీ ఇక్కడికి చేరేసరికి 2023 జూన్ అయింది. అప్పుడు వేసిన రోజువారీ బండి పొద్దున మదురైలో బయలుదేరి, సాయంత్రం బోడి నుంచి తిరిగి వెళ్లేది. మదురై పెద్దాసుపత్రికి వెళ్లే రోగికి, కాలేజీ పిల్లలకు ఆ వేళలు ఎలా పనికొస్తాయి? బస్సులున్నాయిగా, ప్యాసింజర్ బళ్లు నష్టమేగా అంటారు. పన్నెండేళ్లు రైలే లేకపోతే జనం బస్సెక్కక ఏం చేస్తారు? ఆ అలవాటును చూపి గిరాకీ లేదనడం అన్యాయం. ఈ చుట్టుపక్కల ఏలకుల తోటల కూలీలకు చౌక టికెట్టే ముఖ్యం. తెల్లవారుజామున బోడిలో బయలుదేరి, తేని, ఆండిపట్టి, ఉసిలంపట్టి మీదుగా మదురై వెళ్లి రాత్రికి తిరిగొచ్చే రిజర్వేషన్ లేని బండిని ఏడాదైనా నడిపి, ఆ తర్వాత రైల్వే లెక్కలు తీయాలి.