దీపాలకు స్నానం

కారు దీపాలకు కూడా స్నానం ఉంటుందంటే నవ్వకండి. స్వీడన్‌లోని స్టాక్‌హోం నగరంలో డిసెంబరు నెలలో మధ్యాహ్నం మూడింటికే పొద్దు గుంకుతుంది. రోడ్డు మీది మంచూ, బురదా, ఉప్పూ ముందు దీపాలకు మెత్తుకుని వెలుతురును మింగేస్తాయి. అందుకే 1971 మోడల్ సాబ్ 99 కారులో దీపాలకూ చిన్న వైపర్లు పెట్టి, నీళ్లు చిమ్మే ఏర్పాటు చేశారు.

నీళ్లు చిమ్మేది ఒక పంపు. దాని మోటారుకు 12 వోల్టుల బ్యాటరీ నుంచి కరెంటు ఫ్యూజు గుండా వస్తుంది. ఫ్యూజంటే ఏమీ లేదు, సన్నని లోహపు ముక్క. పంపులో నీళ్లు గడ్డకట్టాయనుకోండి. తిరగలేని మోటారు మామూలుకన్న చాలా ఎక్కువ కరెంటు లాగుతుంది. ఆ వేడికి ఫ్యూజు కరిగి తెగుతుంది, తీగలు బతికిపోతాయి.

మరి ఫ్యూజు తెగిందని ఎలా తెలుసుకోవడం? మెకానిక్ ఒక చిన్న బల్బు తీసుకుని, దాని ఒక తీగను కారు ఇనుప చట్రానికి తాకిస్తాడు. (కరెంటు బ్యాటరీకి తిరిగి వెళ్లే దారి ఆ ఇనుమే!) స్విచ్చి వేసి, రెండో తీగను ఫ్యూజుకు అటూ ఇటూ తాకిస్తాడు. రెండువైపులా వెలిగితే ఫ్యూజు క్షేమం, తప్పు ముందున్న తీగలోనో పంపులోనో ఉన్నదన్నమాట. ఒకవైపే వెలిగితే ఫ్యూజు పోయినట్టే.

కొత్తది వేయగానే అదీ పోయిందా? పంపు బిగుసుకున్నదో, తీగ తొడుగు చిరిగి ఇనుముకు తగులుతున్నదో వెతకాలి. కొందరు తొందరపడి ఫ్యూజు బదులు లావుపాటి రాగితీగ చుట్టేస్తారు. అది కరగదు. అప్పుడు కాలేది లోపలి తీగలు, ఆపైన కారు!