సర్కారు వకీలు ఎవరి మనిషి?

మొన్న భద్రాచలం దగ్గర అడవి అంచు పల్లెలో భూమి హక్కుల గురించి మాట్లాడుకుంటున్నాం. ఒక కోయ అక్క లేచి, "నా భూమి కేసులో సర్కారు వకీలు వస్తడు, కాయితాలు సర్దుకుంటడు, పోతడు. ఒక్క మాటా మాట్లాడడు. ఆయన ఎవరి మనిషి?" అని అడిగింది. నాకు వెంటనే జవాబు తోచలేదు.

ఇంటికొచ్చాక పి.వి. రాజమన్నార్ గుర్తొచ్చారు. ఆయన మన తెలుగువాడే. 1944లో మద్రాసు ప్రభుత్వానికి అడ్వకేట్ జనరల్, మరుసటి ఏడే హైకోర్టు జడ్జి, 1948 నుంచి 1961 దాకా అక్కడే ప్రధాన న్యాయమూర్తి. భద్రాచలం అప్పట్లో తూర్పు గోదావరి జిల్లాలో ఉండేది. మన్యంలో ఏజెంటు పాలన వేరే ఉన్నా, 1954లో గుంటూరులో ఆంధ్ర హైకోర్టు వచ్చేదాకా మన ప్రాంతానికి పెద్ద కోర్టు మద్రాసే.

నిన్నటిదాకా ప్రభుత్వం తరఫున వాదించినవాడు జడ్జి అయ్యాక ప్రభుత్వాన్నే మోస్తాడని మనకు అనుమానం. రాజమన్నార్ అలా చెయ్యలేదు. 1950లో వి.జి. రో కేసులో, ఒక సంఘాన్ని చట్టవిరుద్ధమని ప్రకటించిన ప్రభుత్వ ఉత్తర్వును ఆయన ఉన్న బెంచి కొట్టేసింది. 1952లో సుప్రీంకోర్టూ ఆ తీర్పును ఖాయం చేసింది. సంఘాలు పెట్టుకుని బతుకుతున్న మనకు దాని విలువ వేరే చెప్పాలా?

అదే 1950లో చంపకం దొరైరాజన్ కేసు వచ్చింది. కాలేజీ సీట్లను కులాలవారీగా పంచిన కమ్యూనల్ జీవోను ఆయన కోర్టు కొట్టేసింది. కేసు వేసినామె బ్రాహ్మణ స్త్రీ. మరి ఆ జీవో మీద ఆశ పెట్టుకున్న కులాల ఆడపిల్లల సంగతేమిటి? చివరికి 1951లో రాజ్యాంగాన్నే మొదటిసారి సవరించాల్సి వచ్చింది. ప్రభుత్వాన్ని ఎదిరించిన ప్రతి తీర్పూ అణగారినవాళ్ల తీర్పు కాదని అప్పుడే తెలిసింది.

అందుకే ఆ కుర్చీదాకా ఎవరు వెళ్తున్నారన్నది మనకు ముఖ్యం. ప్రభుత్వ వకీలు పదవి జడ్జి కుర్చీకి ఒక మెట్టు. ఆ మెట్టు మీద మనమెక్కడ? ఆంధ్రప్రదేశ్ హైకోర్టుకు తొలి మహిళా న్యాయమూర్తిగా కె. అమరేశ్వరి గారు వచ్చింది 1978లో. తెలంగాణ హైకోర్టుకు తొలి మహిళా ప్రధాన న్యాయమూర్తిగా హిమా కోహ్లీ గారు వచ్చింది 2021లో. 2014లో తెలంగాణ వచ్చాక అడ్వకేట్ జనరల్ అయినవాళ్లంతా మగవాళ్లే.

ఇది పట్నం ఆడవాళ్ల పదవుల గొడవ అని కొట్టిపారెయ్యకండి. 1970 నాటి భూబదలాయింపు నిబంధన ప్రకారం ఏజెన్సీలో గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుల నుంచి వచ్చిందనే లెక్క. కాదని రుజువు చేసుకోవాల్సింది అతనే. ఈ ఒక్క మాట గట్టిగా చెప్పే వకీలు ఉంటే సగం కేసు నిలబడుతుంది. ఆ వకీలు మౌనంగా ఉంటే చట్టం పుస్తకంలోనే ఉండిపోతుంది, పొలం షావుకారు చేతిలో ఉండిపోతుంది. 2014 తర్వాత మన కష్టం ఇంకా పెరిగింది. భద్రాచలానికి హైకోర్టు హైదరాబాదులో, పక్కనే ఉన్న ఎటపాకకు అమరావతిలో. అంత దూరం పోయి అడిగే ఓపిక ఏ అక్కకుంది?

కాబట్టి మనం అడగాల్సింది ఇది: ఏజెన్సీ భూమి కేసుల్లో ప్రభుత్వం తరఫున ఆడ వకీళ్లను, ముఖ్యంగా చదువుకున్న ఆదివాసీ ఆడపిల్లలను నియమించాలి. ఏ వాయిదాలో ఏం వాదించారో కేసు ఉన్న మనిషికి తెలుగులో రాసివ్వాలి. లా చదివే మన పిల్లలకు సంఘాలు అండగా నిలవాలి.

రాజమన్నార్ నాటకాలు కూడా రాశారు. ఒకదాని పేరు 'తప్పెవరిది'. వచ్చే మీటింగులో ఆ అక్క మళ్లీ లేచి ఇదే మాట అడిగితే, వకీలు ఒక్కడి మీదికే నెట్టేసి ఊరుకోలేను. ఆ కుర్చీ మాకూ కావాలని ఇన్నాళ్లూ అడగని తప్పు మనది కూడా.