కుర్చీ ఇచ్చారు, జీతం సంగతేమిటి?

సస్పెన్షన్ శిక్ష కాదని సర్వీసు నిబంధనలు చెబుతాయి. ఆ ఉత్తర్వు చేతికొచ్చిన నెల నుంచే సగం జీతంతో ఇంటి అద్దె, పిల్లల ఫీజులు సర్దుకోవాల్సిన జూనియర్ అసిస్టెంటుకు ఈ మాట చెప్పి చూడండి. అనుమతి లేకుండా హెడ్‌క్వార్టర్స్ విడిచి వెళ్లరాదన్న షరతు ఒకటి. వేరే ఉద్యోగం, వ్యాపారం చేయడం లేదని రాసిస్తేనే ఆ సగమైనా అందుతుంది.

కేంద్ర ఉద్యోగులకు వర్తించే ఫండమెంటల్ రూల్ (ఎఫ్ఆర్) 53 ప్రకారం జీవన భృతి మొదట్లో అర్ధవేతన సెలవు జీతంతో సమానం. మూలవేతనం 40,000 రూపాయలుంటే భృతి 20,000, దానిపై డీఏ. 3 నెలలు దాటాక సమీక్షించాలి. జాప్యానికి ఉద్యోగి కారణం కాకపోతే ఆ 20,000ను 30,000 దాకా పెంచవచ్చు. అంటే విచారణ సాగదీసిన కొద్దీ పని చేయించుకోకుండానే ముప్పాతిక జీతం చెల్లించేది ప్రజల సొమ్ముతోనే. సస్పెండైనవారిలో అవినీతిపరులు లేరా అని అడిగేవారు ఈ లెక్క చూడాలి. తప్పు చేసినవాడికి సాగే విచారణే మేలు.

భృతి ఆపితే ఏమవుతుందో కోలార్ బంగారు గనుల సెక్యూరిటీ అధికారి పాల్ ఆంథోనీ కేసు చెబుతుంది. చేతిలో డబ్బు లేక, ఒంట్లో బాగోక ఆయన కేరళ నుంచి విచారణకు రాలేకపోయారు. రాలేదన్న పేరుతో ఏకపక్షంగా విచారణ ముగించి 1986లో ఉద్యోగం తీసేశారు. అవే ఆరోపణలపై నడిచిన కేసులో మరుసటి ఏడాది క్రిమినల్ కోర్టు ఆయన్ని నిర్దోషి అంది. సుప్రీంకోర్టు ఉద్యోగం, జీతం బకాయిలు ఇప్పించేసరికి 1999 వచ్చింది. మహారాష్ట్రలోనైతే, శిక్షపడి అప్పీలుకు వెళ్లిన ఉద్యోగికి నెలకు ఒక్క రూపాయి భృతి చాలన్న నిబంధనే ఉండేది. 1983లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. టీ నీళ్లకైనా చాలని ఆ మొత్తాన్ని భృతి అని రాసినవారి ధైర్యం మెచ్చదగిందే!

అసలు చిక్కు కుర్చీ తిరిగి దక్కాక మొదలవుతుంది. సస్పెన్షన్ కాలానికి జీతమెంత, దాన్ని డ్యూటీగా లెక్కించాలా వద్దా అన్నది ఉద్యోగంలోకి తిరిగి తీసుకునేటప్పుడే స్పష్టంగా తేల్చి ఉత్తర్వు ఇవ్వాలని ఎఫ్ఆర్ 54-బి చెబుతుంది. సస్పెన్షన్ పూర్తిగా అన్యాయమని తేలితే పూర్తి జీతభత్యాలివ్వాలి. తగ్గించదలిస్తే నోటీసిచ్చి ఉద్యోగి వాదన వినాలి. విచారణ ఇంకా పెండింగులో ఉన్నా సరే, అప్పటికి ఒక ఉత్తర్వు ఇచ్చి, విచారణ ముగిశాక దాన్ని సమీక్షించాలి. మరి, సస్పెన్షన్ కాలంపై నిర్ణయం తర్వాత తీసుకుంటామన్న ఆ ఒక్క వాక్యం ఉత్తర్వుల్లోకి ఎక్కడి నుంచి వస్తోంది? ఆ ‘తర్వాత’ రానన్నాళ్లూ సర్వీస్ రిజిస్టరులో ఆ నెలలు ఎటూ తేలవు. ఇంక్రిమెంట్లు కదలవు. రిటైరయ్యేవారి పెన్షన్ లెక్కా అక్కడే చిక్కుకుంటుంది.

సీనియర్ ఐపీఎస్ అధికారి ఏబీ వెంకటేశ్వరరావునే చూడండి. 2020 ఫిబ్రవరిలో సస్పెండయ్యారు. సుప్రీంకోర్టు తీర్పుతో 2022లో తిరిగి చేరితే, జూన్‌లో మళ్లీ సస్పెండ్ చేశారు. చివరికి 2024 మే 31న పొద్దున బాధ్యతలు తీసుకుని, సాయంత్రం రిటైరయ్యారు. ఆ రెండు కాలాలనూ డ్యూటీగా పరిగణించింది ప్రభుత్వం మారాకే. ఆయన సుప్రీంకోర్టు దాకా పోరాడగలిగారు. మండలాఫీసులో పనిచేసే చిన్న ఉద్యోగికి హైకోర్టు వకీలు ఫీజే తలకు మించిన భారం.

3 నెలల్లో ఛార్జిమెమో ఇవ్వకపోతే సస్పెన్షన్ కొనసాగించరాదని, ఇచ్చాక పొడిగించాలంటే కారణాలు రాయాలని అజయ్‌కుమార్ చౌదరి కేసులో సుప్రీంకోర్టు 2015లోనే చెప్పింది. రెండు తెలుగు రాష్ట్రాలూ ఈ గడువును ప్రతి శాఖలోనూ అమలు చేసి తీరాలి. జీతం తేల్చకుండా తిరిగి ఉద్యోగంలోకి తీసుకునే ఉత్తర్వును ట్రెజరీ తిప్పి పంపాలి. నిర్దోషిగా తేలినవారి బకాయిలు 2 నెలల్లో చెల్లించాలి. గడువు దాటితే వడ్డీ కలపాలి. ఆ వడ్డీ ఖజానా నుంచి కాదు, ఫైలు తొక్కిపెట్టిన అధికారి జీతంలోంచి కోయాలి.