చీటీ మీద ‘ఫిట్స్’ అని రాసి పంపితే సరా?

2020 డిసెంబరులో ఏలూరులో ఆరువందల మందికి పైగా జనం ఫిట్స్, వాంతులు, కళ్ళు తిరగడంతో ఆసుపత్రి పాలయ్యారు. ఢిల్లీ ఎయిమ్స్ పరీక్షల్లో రోగుల రక్తంలో సీసం, నికెల్ బయటపడ్డాయి. పురుగుమందుల అవశేషాలే కారణమని మరికొందరు నిపుణులన్నారు. వాదం ఎటు తేలినా, మంచం దిగి ఇంటికెళ్ళే మనిషి చేతి చీటీలో ఏం రాస్తున్నారన్నదే మా ప్రశ్న.

ప్రతి జబ్బుకూ ప్రపంచ ఆరోగ్య సంస్థ ఒక గుర్తు పెట్టింది. పదో సవరణ ప్రకారం సీసపు విషానికి టి56.0, అలాంటి విషాలు మిగిల్చిపోయే బాధలకు టి97. కారణం తేలని ఫిట్స్‌కు ఆర్56.8. మొదటే ఆర్56.8 వేసి పంపేస్తే, ఆర్నెల్లకు మతిమరుపనో రక్తం తక్కువనో వచ్చినవాడు కొత్త రోగి అయిపోతాడు. పాత విషంతో లంకె తెగుతుంది. (అడంగల్లో పేరు తప్పితే ఏమవుతుందో మనవాళ్ళకు వేరే చెప్పాలా!)

పైగా సీసం రక్తంలో నెల రోజుల్లో ఇంచుమించు సగానికి దిగిపోతుంది. ఎముకల్లో మాత్రం ఏళ్ళ తరబడి తిష్ఠ వేస్తుంది. ఆలస్యంగా రక్తం తీసి “నీకేం లేదు, పో” అనడం తేలిక. పాత బ్యాటరీలు పగలగొట్టి కరిగించే చోట్లకు కూలికి పోయేవాళ్ళకు ఇదే జరిగితే దిక్కెవరు? 1923 నష్టపరిహార చట్టం నాటినుంచే సీసపు విషం వృత్తివ్యాధుల పట్టికలో ఉంది. కాగితం లేకుంటే మాత్రం పైసా రాలదు.

అనుమానమున్న ప్రతి కేసులో వెంటనే రక్తపరీక్ష చేయించాలని, ఫలితమూ గుర్తూ చీటీపై రాసివ్వాలని, ఆ తర్వాతి పరీక్షలన్నీ ఉచితంగా జరపాలని ప్రభుత్వాన్ని డిమాండ్ చేస్తున్నాం. కూలీని ఇంటికి తెచ్చేటప్పుడు మన కార్యకర్తలు ఆ కాగితం అడిగి తీసుకోవాలి.