వంటయింటి ముచ్చట్లు: ఉలవచారు

ఉలవలు రాత్రియెల్ల నానినవి, ప్రొద్దున రెండు గంటలు పొయ్యిమీద కాగినవి, అయినను గింజ గింజగను నీరు నీరుగను ఉన్నవే కాని చారు కాలేదని పట్టణవాసము చేయు సోదరీమణులు మొఱపెట్టుట తఱచుగ వినుచున్నాము. ఊరిలో అత్తగారి చేతిలో వెన్నవలె నుడికిన గింజ పట్టణములో కోడలి చేతిలో ఱాయి యైనచో, కోడలికి వంట చేతకాదను మాట యింటిలో పుట్టక మానదు. ఆ మాట న్యాయమైనది కాదు. గింజ యుడుకకుండుటకు చేతివాటముకంటె వేఱు కారణము లున్నవి. వానిని తెలిసికొన్నచో ఉలవలే కాదు, అలసందలు, చిక్కుడు గింజలు, సెనగలు, ఏ యెండు గింజయైనను మన మాట వినును.

ముందుగా ఉలవను గూర్చి రెండు మాటలు. ఉలవ యనగానే ముఖము చిట్లించువా రున్నారు. ఆంగ్లేయులు దీనికి గుఱ్ఱపు గింజ యని పేరు పెట్టిరి. ఆ పేరు మనలో చదువుకొన్నవారి మనస్సులకును పట్టినది. సంస్కృతమున దీనిని కులత్థ మందురు. బళ్లారి చెంతనున్న సంగనకల్లు మొదలగు చోట్ల నవశిలాయుగపు తావులను త్రవ్వగా మాడిన ఉలవగింజలు దొరికినవి. అనగా సుమారు 4000 సంవత్సరములకు పూర్వమే దక్కనులోని యిల్లాండ్రు ఉలవలు వండుచుండి రన్నమాట. మిరపకాయ మన దేశమునకు వచ్చి 500 సంవత్సరములైన నిండెనో లేదో! వంటయింటిలో ఎవరు పెద్దవారో మీరే నిర్ణయింపుడు.

కృష్ణా గుంటూరు మండలముల రైతుల యిండ్లలో దుక్కిటెద్దుల దాణా కొఱకు పెద్ద కాగులతో ఉలవలు ఉడికించెడివారు. గింజ యెద్దులకు, పైన తేఱిన కట్టు మనుష్యులకు. ఈ పంపకమునుండియే ఉలవచారు పుట్టిన దందురు. రాయలసీమవారు గింజను కూడ విడువక గుగ్గిళ్లు చేసికొందురు. కన్నడదేశమున హురళిసారు, తమిళనాట కొళ్ళు రసము, హిమాలయ సానువులలోని గఢ్వాలు కుమావూ సీమలలో గహత్ పప్పు, అన్నియు నీ గింజతో చేసినవే. ఇప్పుడు పెండ్లివిందులలో దీనిని బిరియానిలో సయితము కలుపుచున్నారు. అది రుచియా విపరీతమా యను తగవులోనికి నేను దిగను.

ఇక గింజల విషయము. ఉలవలలో ఎఱ్ఱనివి, నల్లనివి, బూడిదచాయవి కలవు. రంగు నెంచుటకంటె వయస్సు నెంచుట మేలు. చలికాలము చివర వచ్చు క్రొత్తపంటలో కొన్న గింజ నిగనిగలాడును. గోటితో నొక్కినను పొట్టు ముడుతపడదు. కొట్టులో రెండు వేసవులు చూచిన గింజ వెలవెలబోయి యుండును. ఉక్కయు వేడియు గల చోట నెలల తరబడి నిలువయున్న గింజ లోపల గట్టిపడి, తరువాత ఎంత నానినను ఎంత కాగినను మెత్తబడదు. దీనికి మందు లేదు. కావున ఒక్కమాఱే సంవత్సరమునకు సరిపడ కొని డబ్బాలలో దాచు ఆచారము ఉలవల విషయమున పొదుపు కాదు. మూడు నెలలకు సరిపడ కొని, పొయ్యికి దూరముగ, మూత బిగువైన పాత్రలో నుంచుడు. క్రొత్త గింజలను పాత గింజల మీద పోయవద్దు. రెండును కలిసినచో సగము గింజలు ముద్దయగునప్పటికి తక్కిన సగము పండ్లక్రింద కటకటలాడుచుండును.

ఉలవలలో గింజంతేసి మట్టిబెడ్డలు, ఱాళ్లు ఉండుట పరిపాటి. చేటతో చెఱిగి యేఱినను కొన్ని కన్నుగప్పును. నీళ్లలో పోసి, గిన్నెను చేతితో త్రిప్పుచు గాలించి, పై గింజలను కొంచెము కొంచెముగ వేఱొక గిన్నెలోనికి వంచినచో ఱాళ్లు అడుగున నిలిచిపోవును. ఈ పనికి తొందర పనికిరాదు. పొట్టులు, పుచ్చుగింజలు నీటిమీద తేలును; వానిని తీసివేయుడు.

రెండవ కారణము నీరు. పల్లెలో చెఱువునీటితో నుడికిన గింజ పట్టణపు గొట్టపుబావి నీటితో నుడుకకుండుటకు ముఖ్యహేతు విదియే. బిందె యడుగున తెల్లని పెచ్చు కట్టు నీటిలో సున్నపు పాలు హెచ్చు. ఆ సున్నము గింజ గోడలను పట్టి బిగించును. నీటిని మఱుగ కాచి, చల్లార్చి, తేర్చి పైనీటిని మాత్రము వాడినచో సున్నము కొంత తగ్గును; త్రాగుటకు శుద్ధిచేసిన నీరున్నచో దానినే వాడవచ్చును. నానవేయు నీటిలో లీటరునకు రెండు చిన్న చెంచాల ఉప్పు కలిపినచో పొట్టు తొందరగా మెత్తబడును. ఉప్పు ముందుగ వేసిన గింజ యుడుకదని పెద్దలు చెప్పుదురు కదా యని మీరడుగవచ్చును. నానవేయుటలో ఉప్పు సాయమే చేయును, పరీక్షించి చూడుడు. ఆ నీటిని మరునాడు పాఱబోసి, గింజలను కడుగవలయును.

మూడవది పులుపు. చింతపండు, టమాటా, నిమ్మరసము, ఏదైనను సరే, గింజ యుడుకుటకు ముందు తగిలినచో గింజ బిఱుసెక్కి కూర్చుండును. కావున గింజను వ్రేళ్లతో నలిపినచో నలగునంతవఱకు పులుపును పొయ్యి చెంతకు రానీయవద్దు.

వంటసోడా చిటికెడు వేసినచో పని సులభమగునని ప్రక్కింటివారు చెప్పియుందురు. నిజమే, సులభమగును. కాని సోడా గింజలోని బి విటమినులలో నొకదానిని, థయమిను అనుదానిని, చాలవఱకు నాశనము చేయును. రుచియు సబ్బువలె జారిపోవును. గింజ పాతదై, నీరు మిక్కిలి చెడ్డదైననే కాని నే నీ యుపాయమును మెచ్చను.

ఇప్పుడు వంట. నలుగు రైదుగురు గల యింటికి పావుకిలో ఉలవలు చాలును. పండ్రెండు గంటలు నాననిండు. వడగట్టి కడిగి, లీటరున్నర మంచినీటితో కుక్కరులో పోయుడు. కుక్కరు సగమునకు మించి నిండరాదు. గింజలు నుఱుగు పొంగి ఆవిరి గొట్టమును మూయగలవు. నాలుగు నూనెచుక్కలు వేసినచో పొంగు తగ్గును. ఈల వచ్చిన పిదప మంట తగ్గించి అర్ధగంట యుంచుడు. కుక్కరులో వేడి 120 డిగ్రీల దాపునకు పోవును గనుక, కుండలో రెండు మూడు గంటలు పట్టు పని యిందు సగము వంటచెఱకుతోనే ముగియును. కుండలో కాచిన చారే రుచియని వాదించువారితో నేను వాదింపను. వారికి తీరిక యుండుగాక. కుండలో కాచునప్పుడు నీరు రెట్టింపు పోసి, తఱిగినకొలది చన్నీరు కాక వేడినీరు పోయుచుండవలయును.

ఉడికిన గింజలను గట్టిగ పిండక, వడబుట్టలో వేసి కట్టును వంచుకొనుడు. ఎఱ్ఱని కట్టు సుమారు ఒక లీటరు వచ్చును. రెండు పిడికిళ్ల గింజలను మెత్తగ రుబ్బి ఆ కట్టులోనే కలుపుడు. చారునకు చిక్కదనము వచ్చునది దీనివలననే. నిమ్మకాయంత చింతపండు పిసికిన పులుసు, చీల్చిన పచ్చిమిరపకాయలు నాలుగు, పెద్దగ తఱిగిన ఉల్లిపాయ యొకటి, పసుపు, కారము, ఉప్పు, చెంచాడు ధనియాల జీలకఱ్ఱ పొడి, గోలికాయంత బెల్లము వేసి సన్నని సెగమీద మఱుగనిండు. ఇచ్చట తొందరపడువారికి ఉలవచారు దొరకదు, ఉలవనీళ్లు దొరకును. లీటరు కట్టు ఇంచుమించు సగమై, పాకపు బెల్లము రంగు తిరిగి, గరిటెకు పలుచని పొరగ నంటువఱకు, అనగా ముప్పావు గంట మొదలు గంటవఱకు, అడుగంటకుండ కలుపుచుండవలయును. పిమ్మట నేతిలోనో నూనెలోనో ఆవాలు, జీలకఱ్ఱ, ఎండుమిరప, చితుకగొట్టిన వెల్లుల్లి, కరివేపాకు, ఇంగువ పోపు. వేడియన్నములో పోసికొని పైన చెంచాడు మీగడ వేసికొన్నచో, ఉలవలోని వగరు మీగడలో కరగిపోవును. మీగడ లేనినాడు వెన్న. రెండును లేనినాడు చారు చారే.

ఇంతటితో ఆగువారే యెక్కువ. వడబుట్టలో మిగిలిన గింజల మాట యేమి? పూర్వమైనచో యెద్దులుండెను. నేడు పట్టణపు మేడలలో ఎద్దులేవి? ఆ గింజలు చెత్తబుట్టకు పోవుచున్నవి. సోదరీమణులారా, ఈ యొక్కమాట కొఱకే ఇంత వ్రాసితి ననుకొన్నను సరే. నూఱు గ్రాముల యెండు ఉలవలలో సుమారు 22 గ్రాముల మాంసకృత్తు లున్నవి. అంతే తూకపు బియ్యములో 8 గ్రాములకు మించవు. ఉలవలలో సున్నపుసత్తువయు ఇనుమును మెండు. కాచినప్పుడు ఉప్పులు, రుచి, కొంత పిండిపదార్థము నీటిలోనికి దిగును గాని, మాంసకృత్తులలో చాలభాగమును, పీచును గింజలోనే నిలుచును. చారు త్రాగి బలము వచ్చినదనుకొని గింజను పాఱవేయుట, చెఱుకురసమును పాఱబోసి పిప్పిని దాచుకొనుట వంటిదే, తిరుగవేసిన లెక్క మాత్రమే.

మఱియొక సంగతి. 2019-21 జాతీయ కుటుంబారోగ్య పరిశీలనలో 15 మొదలు 49 ఏండ్ల స్త్రీలలో రక్తహీనత గలవారు ఆంధ్రప్రదేశమున నూటికి సుమారు 59 మంది, తెలంగాణమున 58 మంది యని తేలినది. నూటికి సగముకంటె హెచ్చు! ఇంటిలో వడ్డన యెట్లు జరుగునో మనకు తెలియనిది కాదు. మీగడతో కూడిన చారు మగవారి విస్తళ్లలోనికి పోవును. కడపట కూర్చుండు ఇల్లాలికి గిన్నె యడుగు మిగులును. ఆమె ఆ గింజలనైన తినవద్దా? గింజలకు ఉల్లి, పచ్చిమిరప, కొబ్బరికోరుతో పోపు పెట్టి నిమ్మకాయ పిండినచో సాయంకాలమునకు చక్కని గుగ్గిళ్లగును. నిమ్మరసము రుచికి మాత్రమే కాదు. గింజలోని ఇనుము దేహమునకు పట్టుటకు అది తోడ్పడును. తినిన వెంటనే టీ త్రాగినచో ఆ మేలు చాలవఱకు తగ్గిపోవును, గంటసే పాగుడు. పిల్లలు గుగ్గిళ్లు తినమన్నచో, గింజలను నూఱి సెనగపిండి, ఉల్లి చేర్చి వడలు వేయవచ్చును. అయితే వైద్యుడు ఇనుపమాత్రలు వ్రాసియిచ్చిన స్త్రీ ఉలవలను నమ్ముకొని మాత్రలు మానరాదు.

అసలు వడగట్టకుండ, గింజతోనే చిక్కని పులుసుగ కాచుకొనుట నాకెక్కువ యిష్టము. సగము గింజలను రుబ్బి, సగము నిలువుగ విడిచి, ములగకాడ ముక్కలు, వంకాయలు చేర్చి పైన చెప్పిన సంభారములతోనే మఱిగించినచో, జొన్నరొట్టెకో రాగిసంగటికో వేఱు కూర యక్కఱలేదు. వానకాలపు రాత్రికి అదియే భోజనము.

ఈ పద్ధతియే తక్కిన యెండు గింజలకును చెల్లును. అలసందలకు నాలుగు గంటల నానుడు చాలును. అవి దయగల గింజలు. కాని రాజ్మా యని పిలుచు ఎఱ్ఱచిక్కుడు గింజ విషయమున జాగ్రత్త వహింపవలయును. పచ్చి రాజ్మాలో నొక విషపదార్థ మున్నది. నాలుగైదు పచ్చిగింజలు తిన్నను కొన్ని గంటలలో వాంతులు, విరేచనములు పట్టుకొనవచ్చును. కనీస మైదు గంటలు నానవేసి, ఆ నీటిని పాఱబోసి, క్రొత్త నీటిలో అర్ధగంట తెర్లకాచినచో ఆ విషము నశించును. కుక్కరులో వండినచో భయమే లేదు. అమెరికా మొదలగు దేశములలో కాపురముండు మన ఆడపడుచులు ప్రొద్దున గింజలు వేసి సాయంకాలమునకు తీయు విద్యుత్తు కుండలను వాడుచుందురు. అందలి వేడి మఱుగుస్థితికి చేరకుండుటయు కలదు. సగము వేడిలో ఆ విషము పోకపోగా పచ్చిగింజకంటె హెచ్చగును. కావున రాజ్మాను ముందు పొయ్యిమీద తెర్లకాచి, పిదపనే ఆ కుండలో వేయవలయునని వారికి తప్పక వ్రాయుడు.

ఉలవలు మూత్రపిండములలోని ఱాళ్లను కరగించునని ప్రతీతి. నొప్పితో బాధపడువానికి చారు పోసి వైద్యుని వద్దకు పంపకుండుట మాత్రము కూడదు. మూత్రపిండములు చెడినవారికి పప్పుగింజలు ఎంత పెట్టవలయునో వైద్యుడే చెప్పవలయును. గర్భిణులకు వేడిచేయునని కొన్ని యిండ్లలో ఉలవలు పెట్టరు. బాగుగ నుడికిన గింజను మితముగ తిన్నచో హాని లేదు. కడుపుబ్బరము గలవారు నానిన నీటిని రెండుమాఱులు మార్చి, అల్లము, ఇంగువ కొంచెము హెచ్చుగ వేసికొనవలయును.

చారు మిగిలినచో పులుపు కలిసినది గనుక కళాయి లేని యిత్తడి రాగి గిన్నెలలో నిలువయుంచరాదు. మట్టిపాత్రయో గాజుపాత్రయో స్టీలుగిన్నెయో మేలు. రిఫ్రిజిరేటరులో మూడుదినములు చెడదు. మరునాటికి రుచి హెచ్చును. పుచ్చుకొనునప్పుడు కావలసినంత మాత్రమే వేఱు గిన్నెలోనికి తీసి తెర్లకాచుకొనుడు. మీగడ వేసిన చారును మాత్రము మరల కాచవద్దు, విఱిగిపోవును.